గుట్టురాయి

లమ్మడా, రంగూను
12-2-1926

అమ్మ పోయాక నాకు అమ్మవైన తాయారమ్మక్కకు,

నీ తమ్ముడు సత్యారావు నమస్కరించి రాస్తున్నాడు. ఈ ఉత్తరంతో గుడ్డలో చుట్టిన చిన్న రాతిముక్క ఒకటి పంపుతున్నాను. పారేయకు. ముందు దాని సంగతి చెబుతాను, ఆ తర్వాత నా సంగతి. ఈ వరసలో అయితేనే నాకు చెప్పడానికి ధైర్యం చాలుతుంది.

పోయిన సోమవారం ఎగువ నుంచి వచ్చిన పడవలో ఒక రాయి దిగింది. కొబ్బరికాయంత ఉంటుంది. నీలిరంగు, మధ్యమధ్య పసుపు చారలు. ఎవరో దొర కొనుక్కున్నాడట, ఓడ వచ్చేదాకా మా గిడ్డంగిలో ఉంచమన్నారు. మా కళాసీల పద్ధతి నీకు తెలుసుగా, ఎవడి బరువూ వాడు తలకెత్తుకోడు. ఇద్దరు ఎత్తి మూడోవాడి తలమీద పెట్టాలి. సన్యాసి మేస్త్రీ, బుల్లియ్య చెరోవైపూ పట్టారు. మేస్త్రీ వైపు గుమ్మడికాయలా లేచింది. బుల్లియ్య వైపు నేలకి అతుక్కుపోయింది.

"ఒగ్గేసినావేటిరా?" అని మేస్త్రీ కేకలు.

"నేదు మామా! నా సేతులు పీకేస్తంది" అని వీడి ఏడుపు.

త్రాసులో పెట్టాం. మూడు వీశెలు. తిప్పి పెట్టాం, కడిగి పెట్టాం, మూడు వీశెలే, చంటిపిల్లంత బరువు. త్రాసుకి ఒక బరువు, మనిషికి ఒక బరువు ఎక్కడైనా ఉంటుందా అక్కా? మూడు రోజులు నాకు నిద్రలో కూడా అదే ధ్యాస.

రాయిని తెచ్చిన పడవవాడు కో కిన్ మౌంగ్ పడీ పడీ నవ్వాడు. వచ్చీరాని తెలుగులో, వాళ్ల కొండల్లో ఇది తగువులు తీర్చే పెద్దమనుషుల ఇంట ఉంటుందని, లోపల మాట దాచుకున్నవాడికే బరువని చెప్పాడు. బుల్లియ్య మొహం మాడిపోయింది. కాసేపు నసిగి, పైడితల్లమ్మకి మొక్కిన కోడిపుంజుని పిల్లి ఎత్తుకుపోయిందన్నది అబద్ధమని, తానే కోసుకు తిన్నానని ఒప్పుకున్నాడు. మేస్త్రీ తిట్టవలసినవన్నీ తిట్టాడు. ఆ తర్వాత వాడు రాయిని ఒంటిచేత్తో ఎత్తేశాడు! ఆ సంబరంలో జార్చేస్తే అంచు చిట్లి ఈ ముక్క లేచింది. అప్పటినుంచి అందరూ దాన్ని గుట్టురాయి అంటున్నారు.

తర్వాత నా వంతు. రెండు బస్తాలు మోసే నాకు అది మోకాలి దాకా కూడా రాలేదు.

"నువ్వేటి దాసినావురా సత్తిగా?" అన్నాడు మేస్త్రీ.

నడుం పట్టిందన్నాను. ఆ మాట అనగానే రాయి ఇంకా బరువెక్కింది.

అక్కా, నాకు పెళ్లయింది. రెండేళ్లయింది. ఆమె పేరు ఖిన్ ఖిన్. బర్మా పిల్ల. ట్వంటే ఊళ్లో వాళ్లది కుండలు చేసే ఇల్లు, ఇక్కడ బజారుకి కుండలు అమ్మడానికి వచ్చేది. తాళి లేదు, మేళం లేదు. పెద్దల ముందు ఒకే గిన్నెలో ఇద్దరం అన్నం తిన్నాం, అంతే. తామ్వేలో కాపురం. ఒక ఆడపిల్ల. ఇప్పుడిప్పుడే గోడ పట్టుకుని నడుస్తోంది. నువ్వు కోటేశ్వరి సంబంధం అని రాసినప్పుడల్లా, ఓడ దొరకలేదని, జ్వరమని, పై ఏడాదని రాశాను. పంతొమ్మిదేళ్లకే బొట్టు పోగొట్టుకుని, ఎండుచేపల గంప మోసి నన్ను పెంచావు. నిన్ను మోసం చేశాను. ఇక నన్ను తమ్ముడా అని పిలవవేమోనన్న భయంతోనే ఇన్నాళ్లూ దాచాను. నిన్ను ఏమని పిలవాలని ఖిన్ ఖిన్ అడుగుతుంటే, తర్వాత చెబుతానని తప్పించుకుంటున్నాను.

ఇదంతా రాసి ముక్కను అరచేతిలో పెట్టుకు చూశాను. ఇటుకలాగే ఉంది, ఏమీ తగ్గలేదు. రాస్తే చాలదేమో, నువ్వు చదవాలేమో. నీ చేతికి ఎలా ఉందో చూసి రాయి. ఎంత తిట్టినా పడతాను, ఆ ఒక్కటీ మాత్రం రాయి.

నీ చేతిముద్ద తిని పెరిగిన
సత్యారావు

భీమునిపట్నం
9-3-1926

ఒరే దొంగ సచ్చినోడా, నా బంగారు తమ్ముడా,

గుడ్డ విప్పీ విప్పగానే నీ రాయి జారి నా కాలి వేలిమీద పడింది. గోరు నల్లబడింది. ఉత్తరం చదవకముందే ఏడిపించావు.

చదివాక మళ్లీ ఏడ్చాను. పెళ్లి చేసుకున్నందుకు కాదురా. పిల్ల పుడితే నాకు ఒక ముక్క రాయడానికి నీ చెయ్యి పడిపోయిందా? ఇంకెవరున్నారని నీకు?

నీ గుట్టు తేలిపోయింది కదా, రాయి తేలికపడి ఉంటుందని మళ్లీ పట్టుకు చూశాను. పొత్రంలా ఉంది. ఎండలో పెట్టాను, నీళ్లలో వేశాను, పక్కింటి చిన్నమ్మి చేతికిచ్చాను. "ఏటత్తా, గవ్వలాగుంది" అంది. అప్పుడు తెలిసింది ఆ బరువు నాదేనని.

పడవలు చేసే గోవిందు నీకు తెలుసుగా. మూడేళ్లనుంచి నన్ను మారుమనువు అడుగుతున్నాడు. మన కులంలో తప్పేం కాదు. నాకూ ఇష్టమే. కానీ తమ్ముణ్ణి ఒంటరిగా వదిలి అక్క పీటలెక్కిందంటారని సిగ్గు. "మా సత్యం పెళ్లయిన మర్నాడే నీ ఇంటికొస్తాను" అని మాటిచ్చాను. కోటేశ్వరి కోసం నేను పడిన తొందరంతా అందుకేరా. నీ మంచికని రాసినదాంట్లో సగం నా మంచికే. నువ్వేమో పై ఏడాది, పై ఏడాది అని రాశావు!

సాయంత్రం రేవుకి వెళ్లి, రాతిముక్క ఆయన అరచేతిలో పెట్టాను.

"ఏటే ఇది, ఈకలాగుంది" అన్నాడు. ఆయన దాచుకున్నదేముంది, ఊరందరికీ చెప్పుకున్నాడు.

"మా తమ్ముడికి పెళ్లయిపోయింది" అన్నాను.

"ఎప్పుడు?"

"రెండేళ్లయింది."

ఉలి పక్కన పెట్టి నావంక చూశాడు. "అయితే రెండేళ్ల కాడ్నించీ నువ్వు నా ఇంట్లో ఉండాల గదే" అన్నాడు. నాకు నవ్వూ ఏడుపూ ఒక్కసారే వచ్చాయి. వారంలోపల పీటలు వేయించమన్నాను.

కోటేశ్వరి వాళ్ల నాన్నకు నేనే వెళ్లి చెప్పాను. వీధిలో నిలబెట్టి తిట్టాడు. పడ్డాను, ఏం చేస్తాం. నీ పెళ్లాన్ని నన్ను వదినా అని పిలవమను. పిల్ల పేరు కూడా రాయలేదు, వెధవా. వెంటనే రాయి.

ఎల్లుండే మనువు. ఆ తర్వాత మొగుడి పేరు నేను పలకకూడదు, రాయకూడదు. అందుకని కొత్త చిరునామా ఇప్పుడే రాసేస్తున్నాను. పదిలంగా దాచుకో, మళ్లీ అడిగితే చెప్పను.

నీ అక్క తాయారమ్మ
పడవల గోవిందు ఇల్లు, రేవు వీధి, భీమునిపట్నం