స్వెట్టర్ తిరిగి పంపుతూ

మసాచుసెట్స్,
1892 డిసెంబరు 3

లూథర్‌కి,

మన కాలేజీ పేరులోని మొదటి అక్షరం కుట్టిన జట్టు స్వెట్టర్ తిరిగి ఇచ్చెయ్యమని రాశావు. పంపుతున్నాను. మొన్న నవంబరులో థాంక్స్‌గివింగ్ పండగ నాటి ఆఖరి ఆట ఆడినవాళ్ళకే అది దక్కుతుందన్న నియమం నాకూ తెలుసు. ఆ రోజు నేను మంచం మీద ఉన్నాను.

అంతకు మూడు వారాల ముందు, నది అవతలి కాలేజీతో ఫుట్‌బాల్ ఆడుతుండగా, బంతి కోసం గుంపంతా మీద పడి నా భుజం విరిగింది. బయటికి వెళ్ళిపోతానన్నాను. కెప్టెన్‌వి నువ్వే వచ్చి నా చెవిలో చెప్పావు: "ఒరేయ్, బయటికెళ్తే నిన్ను మళ్ళీ రానివ్వరు. నీ బదులు దిగేవాడు మనకి లేడు. ఊరికే నిలబడరా, చాలు. అవతలి జట్టుకి మాత్రం తెలియనివ్వకు."

నలభై నిమిషాలు నిలబడ్డాను. గెలిచాం. ఆ ఆట బంతి మీద స్కోరు రాయించి నీ గదిలో పెట్టుకున్నావు. నా కుడి చెయ్యి ఇక పైకి లేవదని డాక్టరు చెప్పాడు. ఇది ఎడమ చేత్తో రాస్తున్నాను, వంకరగా ఉంటే ఏమనుకోకు.

భుజం విరిగిన రోజు స్వెట్టర్ విప్పడానికి డాక్టరు దాని కుడిచేతి గుడ్డను భుజం నుంచి మణికట్టు దాకా కత్తిరించాడు. అమ్మ కుట్టబోతే వద్దన్నాను. వచ్చే ఏడు తొడుక్కునేవాడు ఇదెలా చిరిగిందని నిన్ను అడుగుతాడు. వాడికి కూడా చెవిలోనే చెప్పు.