ఒడ్డున గంటసేపు

కళింగపట్నం

చిరంజీవి తమ్ముడు హరిబాబుని అక్క దీవించి రాయునది. ఇక్కడ మేమంతా బాగున్నాం. మీ బావ గంగులు బాగున్నాడు, నా కూతురు నీలవేణి పదో తరగతికి వచ్చింది. ఎలా ఉన్నారని నువ్వు అడగలేదు, అయినా రాస్తున్నాను.

ఫోన్ ఎందుకు ఎత్తడం లేదని రాశావు. ఎత్తితే ఏం లాభం? తిట్టినంతసేపూ "ఊఁ" అని కూడా అనవు, వింటూ కూర్చుంటావు. నీకదో పెద్ద విద్య. సాలూరు లారీల మీద మొదటి సినిమా తీసినప్పుడు ఎనిమిది నెలలు డ్రైవర్ల పక్కన తిరిగావు. నువ్వున్న సంగతే వాళ్లు మరిచిపోయారని పేపర్లో వేస్తే ఊరంతా చూపించి మురిసిపోయాను. ఎవర్నీ ఏమీ అడగడట, ఇలా నిలబడు అలా నడువు అనడట, జరిగేది జరిగినట్టే తీస్తాడట! నిన్ను పొగిడిన నోరే ఇప్పుడు తిడుతోంది.

ఎచ్చెర్ల యూనివర్సిటీలో నువ్వు మన ఊరి మీద తీసిన సినిమా వేస్తున్నారు, ముందు వరసలో కూర్చోవాలి అని పిలిచావు. నువ్వు పంపిన రోజే నీలవేణి ఫోన్లో చూశాను. నేను ఒడ్డున నిలబడే చోటే అందరూ మెచ్చుకుంటున్నారట. "భర్త తిరిగొస్తాడన్న ఆశ వదులుకున్న భార్య ముఖం" అని పేపర్లో రాశారట. నా ముఖం సంగతి వాళ్లకేం తెలుసు?

ఆ రోజు గుర్తుందా? పొద్దున్నే గాలి తిరిగింది. పడవలన్నీ వచ్చాయి, మీ బావది రాలేదు. నీ చొక్కా పట్టుకుని, "ఒరే, బయ్యమేస్తంది. నీకు తెలిసినోల్లెవులికైనా ఫోన్ సెయ్యరా" అన్నాను. నువ్వు చొక్కా విడిపించుకుని, రెండడుగులు వెనక్కి వెళ్లి కెమెరా సర్దుకున్నావు. ఆ మాట సినిమాలో ఉంచావు కూడా! సిగ్గు లేదా నీకు? అమ్మ పోయాక నిన్ను చంకనేసుకుని చేపలు ఎండబెట్టినదాన్ని నేను. నీకు జ్వరమొస్తే ఇలాగే చూస్తూ నిలబడ్డానా?

ఇన్నాళ్లూ కడుపులో దాచుకున్న మాట ఇప్పుడు చెబుతాను. మంచినీళ్లకని ఇంటికి వెళ్లాను కదా, అప్పుడు ఫోన్ మోగింది. మీ బావే. "ఇంజిన్ సెడిపోనాది. బందరువానిపేట ఒడ్డుకి కొట్టుకొచ్చేసినాం. బతికే ఉన్నానే, ఏడవకు" అన్నాడు. నీకు చెప్పాలని ఇసుకలో పరిగెత్తుకొచ్చాను. నువ్వు దాన్నీ తీశావు. కెమెరాలోంచి కన్ను ఎత్తలేదు. నాకు ఒళ్లు మండిపోయింది. చెప్పలేదు. సముద్రం వైపు తిరిగి నిలబడ్డాను. వీడు ఎప్పటికి "అక్కా, బావ సంగతేటి?" అంటాడో చూద్దామని గంటసేపు నిలబడ్డాను. కెమెరా నీ చేతిలో ఉందిగానీ, ఆ గంట చూసింది నేను.

నువ్వు అడగలేదు. నేను ఇంటికి పోయి అన్నం వండుకున్నాను.

ఎచ్చెర్ల వస్తాను. ముందు వరసలోనే కూర్చుంటాను. నా ముఖం వచ్చినప్పుడు నువ్వూ సరిగ్గా చూడు. ఆశ వదులుకున్న మాట నిజమే, పేపర్లో వాళ్లు బాగానే కనిపెట్టారు. కానీ నేను వదులుకున్నది మీ బావ మీద ఆశ కాదురా, నీ మీద.

ఇట్లు,
ఇంకా నీ అక్కనే,
జగ్గమ్మ