పన్నెండో ఆటకు డిస్కు లేదు

మార్చి 14, శనివారం సాయంత్రం.

ఓడలో కరెంటు పనులు చూసుకునే మా మనవరాలికి అమ్మమ్మ ఆశీస్సులు.

నేను ఆదివారాలే ఉత్తరం రాస్తానని నీకు తెలుసు. ఒక రోజు ముందే కూర్చోవడానికి కారణం నిన్న అందిన నీ ఉత్తరంలోని ఒక్క ప్రశ్న. నీకు సిగ్నల్ దొరికే రోజు దాకా ఆగి ఫోనులోనే చెప్పవచ్చు, కానీ ఈ విషయం గొంతుతో చెప్పడం నాకు చేతకాదు. ఇక్కడ అందరం క్షేమం. ఈ మాట అలవాటు కొద్దీ రాసేశాను. కొట్టివేతలున్న కాగితం నాకు నచ్చదు కనుక అలాగే ఉంచుతున్నాను. ఉత్తరం ముగిసేలోగా సవరిస్తాను.

నువ్వడిగినవాటికి వరుసగా జవాబులు. నా మోకాలు మెట్లెక్కేటప్పుడు మాత్రమే నొప్పి పెడుతోంది. మనం ఉండేది మూడో అంతస్తు కనుక ఆ "మాత్రమే"కు పెద్ద విలువ లేదు. లిఫ్టు ఇంకా బాగుపడలేదు. "రేపు బాగుచేయబడును" అని తలుపుకు అంటించిన కాగితం పసుపు రంగుకు తిరిగింది. మీ అమ్మకు రాత్రి షిఫ్టులు ఎక్కువయ్యాయి. ఆదివారం వస్తుంది, చెప్పులు విప్పుతుంది, కుర్చీలో కూర్చున్నది కూర్చున్నట్టే నిద్రపోతుంది. నేను లేపను. ఇక చివరి ప్రశ్న, "తాతయ్య వంతెన దాటాడా?" అన్నది. దానికి ఒక్క మాటలో జవాబు లేదు. నీకు తెలిసిన సంగతులు కూడా మళ్ళీ రాస్తున్నాను, విసుక్కోకు. మొదటినుంచి రాయకపోతే నాకు లెక్క కుదరదు.

పక్షవాతం వచ్చి తాతయ్య కుడిచెయ్యి పడిపోయాక, వ్యాయామం చేయించే ఆవిడ ఒక రబ్బరు బంతి ఇచ్చి నొక్కమంది. ఆయన ఒకసారి నొక్కి, దాన్ని మంచం కిందికి దొర్లించేశారు. "పసివాణ్ణా?" అన్నారు. నగరం మధ్యలో ముప్పైమూడేళ్ళు బస్సు నడిపిన చేతికి బంతి అవమానంగా తోచింది. అప్పుడు నువ్వు నీ పాత గేముల పెట్టెను అటకమీదనుంచి దించావు. డిస్కులు చదివే భాగం అందులో అరిగిపోయింది. నువ్వు దాని సాఫ్ట్‌వేర్ మార్చి, బయట తగిలించిన హార్డ్ డిస్క్ నుంచే ఆటలు నడిచేలా చేశావు. నేను ఒక్కటే షరతు పెట్టాను.

"అల్మారాలో డిస్కు ఉన్న ఆటే అందులో ఉండాలి. కొనని ఆట ఈ ఇంట్లో నడవడానికి వీల్లేదు."

నువ్వు సెల్యూట్ కొట్టి, "చిత్తం, ఆడిటర్ గారూ!" అన్నావు. నీటి సరఫరా ఆఫీసులో పదవీ విరమణ దాకా నేను చేసింది లెక్కల తనిఖీయే కనుక ఆ వెక్కిరింతను బిరుదుగానే తీసుకున్నాను.

ఆయన రోజూ మధ్యాహ్నం ఆడేవారు. తెరమీద ఏముందో నేనెన్నడూ చూడలేదు. నాకు దొరికేది ఆ ఒక్క గంటే. వంటింట్లో స్టూలు మీద గోడకు ఆనుకొని కూర్చునేదాన్ని. ఏ పనీ చేసేదాన్ని కాదు. గదిలోంచి ఇంజను చప్పుడు వినిపించేది, కారు పందెం కాబోలు అనుకునేదాన్ని. ఆ రోజుల్లోనే ఆయన బొటనవేలు కదిలింది, తరువాత చూపుడువేలు. ఒక ఉదయం చొక్కా గుండీ తానే పెట్టుకున్నారు, ఒక కాజా తప్పించి. సరిచేయబోతే నా చేతిని తోసేశారు. తోసింది కుడిచేత్తోనే.

జనవరిలో ఆటలు మధ్యలో బిగుసుకుపోవడం మొదలైంది. నువ్వు రాసిపెట్టి వెళ్ళిన కాగితం తీశాను. "అలా జరిగితే హార్డ్ డిస్క్‌ను కంప్యూటర్‌కు తగిలించి, కంప్యూటర్‌లో దాచిన కాపీల నుంచి ఆటలు మళ్ళీ ఎక్కించు" అని ఉంది. ఆయన నిద్రపోతున్నప్పుడు కూర్చున్నాను. హార్డ్ డిస్క్‌లో పన్నెండు ఫోల్డర్లు కనిపించాయి. అల్మారాలో పదకొండు డిస్కులే ఉన్నాయి. అరలో వెనక్కి ఏదైనా జారిపోయిందేమోనని చెయ్యి పెట్టి వెతికాను. లేదు. ఆ పన్నెండోదాని పేరు "టెస్ట్-7". దానికి కంపెనీ పేరు లేదు, బొమ్మ లేదు.

నాకు కోపం తరువాత వచ్చింది, ముందు మనసు చివుక్కుమంది. ఎదురుగా మాటిచ్చిన పిల్ల చాటుగా దొంగ ఆట పెట్టి వెళ్ళిందనుకున్నాను. తెరిచి చూడలేదు. తుడిచేశాను. అక్కడితో ఆగినా బాగుండేది. మిగిలినవి కూడా చిందరవందరగా ఉన్నాయని డిస్క్ మొత్తం ఖాళీ చేసి, పదకొండు ఆటలనూ అక్షర క్రమంలో మళ్ళీ ఎక్కించాను. పని శుభ్రంగా జరిగిందని తృప్తి కూడా పడ్డాను. నీకు రాయలేదు. తిరిగొచ్చాక ఎదురుగా నిలబెట్టి అడుగుదామనుకున్నాను.

మర్నాడు తాతయ్య పెట్టె ఆన్ చేసి, మెనూలో పైకీ కిందికీ చాలాసేపు తిరిగి, కంట్రోలర్ ఒళ్ళో పెట్టుకున్నారు.

"బండి లేదు."

ఆయనకు మాటలు ఇంకా రెండేసి, మూడేసి మాత్రమే వస్తున్నాయి. నేను మందు బిళ్ళ రేకులోంచి తీస్తూ, "మీరు రిటైరై పదమూడేళ్ళయిందండీ. బండి డిపోలో ఉంటుంది. నోరు తెరవండి" అన్నాను.

తరువాత ఎప్పుడు చూసినా అదే మాట. కంచం ముందు కూర్చుంటే "బండి లేదు". కిటికీ దగ్గర నిలబెడితే "బండి పోయింది". ఒక రోజు నా మణికట్టు పట్టుకుని, "నువ్వూ... లేవు" అన్నారు.

"మీ ఎదురుగానే ఉన్నాను కదండీ!"

ఆయన నన్ను జాలిగా చూసి, ముఖం గోడవైపు తిప్పుకున్నారు. మళ్ళీ కంట్రోలర్ ముట్టుకోలేదు. వేళ్ళు పాతలాగే ముడుచుకుపోయాయి.

ఆయన అన్నవన్నీ కాగితం మీద రాసుకెళ్ళి డాక్టరుకు చూపించాను. ఆవిడ చదివి, మతి తప్పుతున్న లక్షణాల్లా ఉన్నాయని, ఒంటరిగా చూసుకోవడం నా వల్ల కాదని, రాత్రింబవళ్ళు మనుషులుండే హోమ్‌లో చేర్చడం మంచిదని చెప్పింది. మీ అమ్మా నేనూ వెళ్ళి చూసివచ్చాం. శుభ్రంగా ఉంది. కిటికీలు పెద్దవి. ఈ నెల ఇరవయ్యో తేదీకి ఒక మంచం ఖాళీ అవుతుందన్నారు. నేను సంతకం పెట్టాను. ఓడలో నువ్వు బెంగపడతావని ఇప్పటిదాకా రాయలేదు.

నిన్న నీ ఉత్తరం వచ్చింది. నీ మాటలే ఇక్కడ మళ్ళీ రాస్తున్నాను. "తాతయ్య వంతెన దాటాడా? ఆ బస్సు ఆట నేనే తయారుచేశాను అమ్మమ్మా. పెట్టెను అలా మార్చాం కాబట్టే మనం చేసుకున్న ఆటలు అందులో నడుస్తాయి. ఆయన నడిపిన దారే అది. నాలుగో స్టాపులో నీలం గొడుగు పట్టుకుని, వాచీ చూసుకుంటూ 'రెండు నిమిషాలు ఆలస్యం' అని డ్రైవర్ని కసురుకునే మనిషి ఎవరో నువ్వు ఈపాటికి పోల్చుకునే ఉంటావు. నా దగ్గర వంతెన దాకా ఉన్న పాత కాపీయే మిగిలింది. డిపో దాకా ఉన్నది తాతయ్య దగ్గరే ఉంది, జాగ్రత్త."

స్టూలు మీద కూర్చుని చదివాను. ఆ నాలుగో స్టాపులో ఆయన బస్సెక్కి ఆఫీసుకు వెళ్ళిన మనిషిని నేనే; "నువ్వూ... లేవు" అని ఆయన అన్నది ఆ తెరమీది మనిషి గురించి.

ఇవాళ పొద్దున్నే హార్డ్ డిస్క్ సంచిలో పెట్టుకుని మెట్లు దిగి, కంప్యూటర్లు బాగుచేసే షాపుకు వెళ్ళాను. అతను వైరు తగిలించి చూస్తూ అడిగాడు.

"తుడిచేశాక దీనిమీద మళ్ళీ ఏమైనా ఎక్కించారా, మేడమ్?"

"ఎక్కించాను. పదకొండు ఆటలూ, అక్షర క్రమంలో."

"అక్షర క్రమంలోనా!" అని నవ్వాడు. "బద్ధకస్తులు తుడిస్తే అడుగున ఏదో ఒక ముక్క దొరుకుతుంది మేడమ్. మీరు ఇల్లు కడిగి ముగ్గేసినట్టు చేశారు. నేనేం తియ్యను అందులోంచి?"

ఇంటికి వచ్చాను. తాతయ్య కిటికీ దగ్గర ఉన్నారు. కుర్చీ లాక్కుని ఆయనకు ఎదురుగా కూర్చున్నాను.

"ఏమండీ, మీ బండిని నేనే తీసేశాను."

ఆయన మెల్లగా నా వైపు తిరిగారు. "ఎందుకు?"

"దానికి డిస్కు లేదు."

ముఖంలో కదిలే సగం ముడుచుకుంది. తిట్టు వస్తుందని ఎదురుచూశాను. నిజం చెప్పాలంటే తిడితే బాగుండుననుకున్నాను.

"పిల్ల... చేసింది."

"తెలుసు. నిన్ననే తెలిసింది."

ఆయన వాచీ లేని మణికట్టును కళ్ళ దగ్గరికి తెచ్చుకున్నారు. ఎడమచేత్తో కుడిచేతిని పట్టి లేపవలసి వచ్చింది. చూసి, "ఆలస్యం" అన్నారు.

"ఎంత?"

"రెండు... నెలలు."

మతి తప్పిందని నేను సంతకం పెట్టి ఇచ్చిన మనిషి ఈయన. తరువాత ఖాళీ తెర ముందే కంట్రోలర్ ఇచ్చి, వంతెన దాటాక ఏ స్టాపు వస్తుందని అడిగాను. ఒక్కొక్కటే చెప్పారు, ప్రతి స్టాపుకూ బొటనవేలితో బ్రేకు నొక్కుతూ. సబ్బుల ఫ్యాక్టరీ, ప్రసూతి ఆసుపత్రి, కోర్టు వెనక గేటు, పాత జైలు గోడ, డిపో. ఆసుపత్రి కంటే కోర్టే ముందు వస్తుంది కదా అన్నాను.

"నువ్వు... ముందే దిగిపోతావు. నీకేం తెలుసు?"

ఇక్కడితో ఆపేస్తే లెక్క సరిపోయినట్టే కనిపిస్తుంది. సరిపోలేదు. డాక్టరు హోమ్ మాట ఎత్తినప్పుడు నాకు ముందు ఏడుపు రాలేదు. వంటింట్లో స్టూలు గుర్తొచ్చింది. ఇక రోజంతా ఆ గంటలాగే ఉంటుందనిపించింది. "ఏ బండి?" అని అడగడానికి రెండు మాటలు చాలు. రెండు నెలల్లో ఒక్కసారి కూడా అడగలేదు. అడిగితే ఆయన జవాబు చెప్తారేమో, ఆ జవాబు సరిగ్గా ఉంటే ఈ చాకిరీ మళ్ళీ నాదేనేమో అన్న భయం నాలో ఎక్కడో ఉంది. అది నాకు తెలియదని రాస్తే దొంగ లెక్క అవుతుంది. ఆయనంటే నాకు విసుగు లేదు తల్లీ. అలసిపోయాను. రెండూ వేరు, కానీ మంచం మీదున్న మనిషికి ఒకేలా కనిపిస్తాయి.

కనుక మొదటి పేరాలోని మాటకు సవరణ. తాతయ్య క్షేమం. ఆయన మతి నా మతి కంటే నిలకడగా ఉంది. క్షేమంగా లేనిది నేను.

ఇక జరగవలసినవి:

1. సోమవారం నేను డాక్టరు దగ్గరికి వెళ్ళి, నేను రాసిచ్చిన కాగితం తప్పని చెప్తాను. అక్కడినుంచి హోమ్‌కు వెళ్ళి సంతకం వెనక్కి తీసుకుంటాను.

2. నీ దగ్గరున్న పాత కాపీని వచ్చే రేవు నుంచే పంపు. ప్రస్తుతానికి వంతెన దాకా నడిచినా చాలు. మిగతా దారి తీరిక చిక్కినప్పుడు చెయ్యి. ఆయన చెప్పిన స్టాపుల కాగితం జతచేశాను. దాని అడుగున కోడి కెలికినట్టున్న సంతకం ఆయనదే, కుడిచేత్తో పెట్టారు.

3. వారానికి ఒక పూర్తి రోజు నాకు సెలవు కావాలి. కుర్చీలో నిద్రపోతున్న మీ అమ్మను లేపి ఈ మాట అడగలేను. నువ్వు రాయి. ఇద్దరూ కలిసి ఒక దారి చూడండి.

4. ఆటతోపాటు ఒక డిస్కు మీద దాని పేరు నీ చేత్తో రాసి పంపు. ఖాళీ డిస్కయినా సరే. అల్మారాలో పన్నెండో చోటు తుడిచి ఉంచాను.

5. నా గొడుగు నల్లది, నీలం కాదు. అది దిద్దు. ఆ మనిషి అనే మాట మాత్రం మార్చకు, స్టాపులోంచి తీసెయ్యకు. ఈసారి ఆ గంట నేను వంటింట్లో కూర్చోను. ఆయన బండి ఆపి ఆమెను ఎక్కించుకుంటారో లేదో పక్కనే ఉండి చూస్తాను.

ఇట్లు,
నీ ఆడిటర్ అమ్మమ్మ