బీరు తాగిన బటన్

ఒరూరో,
ఈస్టర్‌కు రెండు వారాల ముందు, గురువారం.

నా నియెవెస్‌కు,

మీ ఆయన హిలారియోన్ రాస్తున్నాడు. ఆశీస్సులని మొదలుపెడితే "నాకంటే మూడు నెలలు చిన్నవాడివి, నన్ను ఆశీర్వదించేంత పెద్దరికం ఎప్పుడొచ్చింది?" అంటావు కాబట్టి దణ్ణాలతోనే మొదలుపెడుతున్నాను. ఇక్కడ నేనూ కుక్కా క్షేమం. చలి కూడా ఎప్పటిలాగే క్షేమం. అక్కడ ఆ శాంతా క్రూస్ ఉక్కపోతలో నువ్వూ, మన గ్రసియెలా, అల్లుడూ, నెల నిండిన ఆ చిట్టితల్లీ బాగున్నారని తలుస్తాను.

ఈ ఉత్తరంతో పాటు ఒక మూట వస్తుంది. బస్సు డ్రైవరు చేతికిచ్చి పంపుతున్నాను. పైన మంచులో ఆరబెట్టిన నల్లదుంపలు, వాటి కింద నీ నీలం శాలువా, శాలువాలో ముడేసి ఇంకో వస్తువు ఉన్నాయి. ఉత్తరం చివరిదాకా చదివేవరకు ఆ ముడి విప్పకు. సూపు కంటే ముందు పండు తినే మనిషివని నాకు తెలుసు. ఈ ఒక్కసారికి వరసలో పో.

ఫోన్ చేసి చెప్పొచ్చు కదా అంటావు. చేస్తే ఏమవుతుంది? నువ్వు "ఆఁ? ఆఁ?" అంటావు, నేను అరుస్తాను, మన కాపురం సంగతి మొత్తం వీధి వింటుంది. పైగా ఇది మధ్యలో ఆగి ఊపిరి తీసుకుంటూ చెప్పాల్సిన సంగతి.

ముందు నీ ప్రశ్నలకు జవాబులు. జెరేనియంలకు నీళ్ళు పోస్తున్నాను. ఎర్రవి రెండూ బాగున్నాయి. తెల్లది నీ మీద బెంగతో నాలుగు ఆకులు రాల్చింది, కిటికీ మార్చాక తేరుకుంది. రోజూ గుడ్డుతోనే సరిపెడుతున్నానా అని అడిగావు. లేదు, బుధవారాలు ఫెలిసియానో ఇంట్లో వేరుశెనగ సూపు తాగుతున్నాను. మిగిలిన ఆరు రోజులూ మాత్రం గుడ్డే. మనవరాలికి అల్లుడు ఎవరో కార్ల పందెంవాడి పేరు పెడతానంటున్నాడని రాశావు. ఆ పేరు మూడుసార్లు గట్టిగా పలికి చూశాను, నాకున్న పళ్ళు చాలలేదు. నీ మాటగా వాళ్ళ చెవిన వెయ్యి, నా మాటగా అయితే వినరు.

ఇక నాలుగో ప్రశ్న. "అల్లుడు ఎక్కించిపోయిన బంతాటలు తీసేసి, నా ఊరు ఉన్న ఆటల మిషన్ పంపు. పాప నిద్రపోయినప్పుడు తోచడం లేదు. వాటి వల్ల చోటు లేదు చోటు లేదు అని ఒకటే గోల పెడుతుంది" అని రాశావు. దీనికి జవాబు చెప్పాలంటే కార్నివాల్ మంగళవారం నుంచి మొదలుపెట్టాలి.

నిజానికి ఇంకా ముందునుంచే మొదలుపెట్టాలి. ఎనిమిదేళ్ళ కిందట దుంపలమ్మే ఆడవాళ్ళ సంఘం లాటరీలో నీకు రెండో బహుమతిగా ఆ మిషన్ వచ్చిన రోజు గుర్తుందా? నీ కళ్ళన్నీ మొదటి బహుమతి మీద, ఆ ప్రెషర్ కుక్కర్ మీద ఉన్నాయి. కుక్కర్ గెల్చుకున్నావిడతో మార్పిడికి బేరం పెట్టావు. ఆవిడ "దీంట్లో ఏం ఉడుకుతుంది?" అని నవ్వింది. ఇంటికొచ్చి, అరచేతిలో పట్టే ఆ పెట్టెను బల్లమీద పడేసి రెండు రోజులు దానితో మాట్లాడలేదు. మూడో రోజు ఉదయం టీ పెట్టుకుని దాంట్లోని పొలం ఆట ముందు కూర్చున్నావు. ఆ తర్వాత ఎనిమిదేళ్ళు ప్రతి ఉదయమూ అలాగే. నేనేమో ప్రతి ఉదయమూ "ఏం పిల్లా, ఇవాళ కోళ్ళు గుడ్లు పెట్టాయా?" అని వెక్కిరించాను. నువ్వు తల ఎత్తకుండానే "పెట్టాయి ముసలోడా, నీకంటే అవే నయం" అనేదానివి. ఆ తెరలో ఏముందో ఒక్కసారైనా తొంగిచూడలేదు. అది గుర్తుపెట్టుకో, తర్వాత పనికొస్తుంది.

కార్నివాల్ మంగళవారం నువ్వు లేవు. వెళ్తూ వెళ్తూ "ఇంట్లో ప్రతి వస్తువుకూ దండ వేసి, చుక్క చిలకరించి చల్యా చెయ్యి. ఒక్కటి మరిచిపోయినా అది అలుగుతుంది" అని చెప్పి వెళ్ళావు. చెప్పినట్టే చేశాను. గది నాలుగు మూలలా భూమితల్లికి చుక్కలు వదిలాను. పొయ్యికి, కుట్టుమిషన్‌కు, నా రేడియో మరమ్మతు పనిముట్లకు రంగు కాగితాల దండలు వేసి బీరు చిలకరించాను. కుక్క మీద కూడా రెండు చుక్కలు పడ్డాయి, అది నాకేసిన చూపు చెప్పలేను. ఆఖరున బల్లమీద నీ మిషన్ కనబడింది. ఇంటి యజమానురాలి వస్తువు, అలిగితే ఎట్లా? సీసాలో మిగిలినది ధారాళంగా పోశాను. చిలకరించాల్సినది పోశాను, అదీ తప్పు. దండ వేశాను. పూజ అందుకున్న దేవతలా మెరిసింది.

ఆ సాయంత్రం నుంచి దాని కుడివైపు బటన్, అదే "సరే" అనే బటన్, ఒకసారి నొక్కితే లోపలికి పోయి కాసేపు అక్కడే ఉండేది. పెద్దదైంది పాపం, మోకాళ్ళు పట్టేశాయి అనుకున్నాను. దానికి బీరు జిగట అంటిందని తోచలేదు. నలభై ఏళ్ళుగా రేడియోలు విప్పేవాడినే.

బటన్ ఆడిన తీరు నాకెట్లా తెలుసంటావా? ఇదిగో, ఒప్పుకోవలసినదాంట్లో ఇది మొదటి సగం. నువ్వు బస్సెక్కిన మర్నాటి ఉదయం టీ పెట్టుకుని, బల్ల అవతల ఎవరూ లేక, నీ మిషన్ తెరిచాను.

కోళ్ళుంటాయనుకున్నాను. కోళ్ళు ఉన్నాయి. వాటి వెనక మన క్యాంపు ఉంది, నియెవెస్. శాన్ ఎలాడియో గని క్యాంపు. రొట్టెల పొయ్యి దగ్గర మలుపు తిరిగే వీధి, కంపెనీ కొట్టు, సైరన్ స్తంభం, తలుపులు ఎప్పుడూ సరిగా పడని సినిమా హాలు. ఇంటింటి ముందూ పలక, పలక మీద పేరు. గని మూతపడ్డాక అందరం రేకులు, కిటికీలు ఊడదీసుకుని లారీలెక్కామే, ఆ క్యాంపు. దాని ఫొటో ఒక్కటి కూడా మన దగ్గర లేదు. ఇప్పుడక్కడ గాలి తప్ప ఏమీ నిలబడి లేదు. అలాంటిదాన్ని నువ్వు ఎనిమిదేళ్ళ ఉదయాలు పోసి అరచేతిలో నిలబెట్టావు. నేను కోళ్ళు గుడ్లు పెట్టాయా అని అడిగాను.

అప్పటినుంచి రోజూ వెళ్ళాను. దారి తప్పేవాడిని. గని లోపల చీకట్లో ఎన్నడూ తప్పని దారి, ఆ తెరమీద తప్పేవాడిని. అందుకని మరమ్మతుల పుస్తకంలో, సర్క్యూట్ గీసినట్టే, వీధి వీధీ గీసుకున్నాను. మన పద్నాలుగో నంబరు ఇంట్లోకి వెళ్ళాను. లోపల పొయ్యి, మంచం, రెండు కుర్చీలు. రెండెక్కడివే? మనకు ఉన్నది ఒక్కటే కదా, నేను మందుగుండు పెట్టె తిరగేసి దానిమీద కూర్చునేవాడిని. చాలాసేపు ఆ రెండో కుర్చీని చూస్తూ ఉండిపోయాను.

నీ ఉత్తరం అందింది. సరే, బంతాటలు తీసేద్దామని కూర్చున్నాను. మొదటిది తీసేశాను. మిషన్ మూడు ప్రశ్నలు వేసింది: ఈ ఆటను తీసేయనా, ఇందులో దాచుకున్నదంతా తీసేయనా, ఇక తిరిగి రాదు, నిజంగానేనా. మూడింటికీ బటన్ నొక్కాను. రెండోది తీశాను. మూడోది తీస్తుంటే బటన్ లోపలికి పోయి అక్కడే ఇరుక్కుంది. బంతాట పోయిన చోటికి వరసలో కిందున్నది పైకి జరిగింది. ఎర్ర కప్పు బొమ్మ, నీ ఊరిది. మిషన్ మళ్ళీ మూడుసార్లు అడిగింది. మూడుసార్లూ నా బదులు బీరే జవాబు చెప్పింది.

నేను "ఆగు, ఆగు" అన్నాను. ఫోన్‌లో నీకు వినబడనట్టే మిషన్‌కూ వినబడలేదు.

అంతే నియెవెస్. రాసేశాను. ఇక్కడ కాస్త ఆగి నన్ను తిట్టుకో, నేను వేచి ఉంటాను.

తిట్టడం అయిందా? ఆ రోజే సంత సందులో ఫోన్లు బాగుచేసే యోవానా దగ్గరికి పరుగెత్తాను. నీకు తెలుసు, దుంపల కొట్టు పక్కన ఉండే పిల్ల. మిషన్ ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూసింది.

"తాతా, దీనికి పార్టీ ఎవరిచ్చారు?"

"కార్నివాల్‌కు చల్యా చేశాను."

"ఇది ఈ ఏడాది పదకొండోది. ఒకాయన లాప్‌టాప్ మీద వైన్ పోశాడు, ఇంకొకావిడ టీవీకి ఐస్‌క్రీం పెట్టింది. భూమితల్లికి దాహం మీరు తీరుస్తారు, కడగడం నా వంతు." బటన్ ఊడదీసి కడుగుతూ అడిగింది, "ఏం పోయింది?"

"మా ఆవిడ ఊరు."

"ఆటదేముంది, పది నిమిషాల్లో మళ్ళీ దింపుతాను. ఆట కంపెనీ దగ్గర ఉంటుంది తాతా. మీ ఆవిడ అందులో చేసింది మాత్రం ఈ పెట్టెలోనే ఉంటుంది. ఇంకెక్కడైనా నకలు పెట్టుకున్నారా?"

"నకలా? మా ఇంట్లో ఇంటి తాళానికే నకలు లేదు."

పిల్ల చేతులు తుడుచుకుని మెల్లగా చెప్పింది. "మరైతే వంటల పుస్తకం తెచ్చివ్వగలను తాతా. అవ్వ వండిన కూర తేలేను."

బుధవారం సూపు దగ్గర ఫెలిసియానోకు చెప్పాను. క్యాంపులో మన పక్క పదహారో నంబరు ఇంటివాడు ఎట్లాంటివాడో నీకు తెలుసు కదా. చెంచా దించకుండానే ఉపాయం చెప్పాడు. "దీనికింత ఏడుపెందుకు బావా? మెట్ల మీంచి కింద పడెయ్. బస్సులో పగిలిందని చెప్పు. డ్రైవరు తిట్లు తింటాడు, వాడికి అలవాటే."

ఒప్పుకుంటాను, ఒక చెంచా సూపు తాగేంతసేపు ఆలోచించాను. తర్వాత మరమ్మతుల పుస్తకం తీసి వాడి ముందు పెట్టాను. వాడు కళ్ళజోడు తుడుచుకున్నాడు. వేలు పెట్టి వీధి వెంట నడిచాడు. రొట్టెల పొయ్యి దగ్గర వేలు ఆగింది. తల ఎత్తి అడిగాడు, "ఇదెవరు గీశారు?"

"గీసింది నేను. కట్టింది నియెవెస్."

"నా తలుపు రంగు తప్పు వేశావు. నాది నీలం."

"ఆకుపచ్చ."

"నా తలుపు నాకు తెలియదా?"

"నువ్వు ఆ తలుపును పగటిపూట చూసిందెప్పుడు? ఎప్పుడూ రాత్రి పాళీయే కదా!"

అలా గొడవపడుతూ సూపు చల్లారబెట్టాం. కానీ ఇంటికొచ్చేసరికి ఏం చెయ్యాలో తెలిసిపోయింది.

యోవానా ఆటను మళ్ళీ దింపింది. తెరిస్తే బీడు భూమి, ఒక గుడిసె, చేతిలో పార, గుప్పెడు ముల్లంగి గింజలు. మిషన్ పేరు అడిగింది. నీ పేరే రాశాను. ఊరి పేరు అడిగింది. శాన్ ఎలాడియో అన్నాను. పద్నాలుగేళ్ళు నేల కింద తవ్వినవాడిని, నేల మీద ముల్లంగి మొలిపించలేకపోయాను. మొదటి పంట నీళ్ళు లేక ఎండింది, రెండోది నీళ్ళెక్కువై కుళ్ళింది. నీ కొట్టు చూసుకుంటున్న ఆడవాళ్ళను అడిగితే "దుంపలమ్మే ఆవిడ మొగుడివి, ఇన్నేళ్ళలో ఇది కూడా నేర్చుకోలేదా?" అని నవ్వారు, నేర్పారు కూడా. ఫెలిసియానో సాయంత్రాలు వచ్చి పక్కన కూర్చుంటున్నాడు. బటన్ ముట్టనివ్వను, నోటితోనే ఊరు కడతాడు. క్యాంపు వాళ్ళు ఇంకో ఇద్దరు పుస్తకం చూసిపోయారు. ఒకాయన కొళాయి ఎక్కడుందో సరిచేశాడు. అది నువ్వూ తప్పే పెట్టావట.

ఎనిమిదేళ్ళ పని నెలలో రాదు. మన వీధికి కంచె వేశాను, రొట్టెల పొయ్యి కట్టాను. తక్కిన స్థలాలన్నీ కర్రలు పాతి ఖాళీగా వదిలాను. ఎవరి స్థలమో తెలిసేలా పలకలు మాత్రం పెట్టాను. పదహారో నంబరు తలుపు సంగతి నువ్వే తీర్పు చెప్పాలి. నువ్వు నీలమన్నా ఫెలిసియానోకు నేరుగా చెప్పకు, ముందు నాకు చెప్పు, కాస్త తయారవుతాను. మరమ్మతుల పుస్తకం మూట అడుగున ఉంది. గ్రసియెలాకు కూడా చూపించు. క్యాంపు వదిలేటప్పుడు అది చంటిపిల్ల, దానికేమీ గుర్తులేదు. ఇప్పుడు దాని ఒళ్ళోనూ చంటిపిల్లే. పక్కన కూర్చోబెట్టుకుని ఏ ఇల్లు ఎవరిదో చెబుతూ కట్టు. పోయిన ఊరు నీ ఒక్కదానిదే, ఈసారి దానికీ తెలియాలి.

మొదటి మంచి పంటకు ఏం కొనుక్కోవాలని మిషన్ అడిగింది. కోళ్ళు చూపించింది, ఆవు చూపించింది. నేను రెండు కుర్చీలు తీసుకున్నాను. మన పద్నాలుగో నంబరుకు ఇంకా గోడలు లేవు, కప్పు లేదు, వాన పడితే తడుస్తుంది. కానీ ఆ ఖాళీ స్థలం మధ్యలో రెండు కుర్చీలూ ఉన్నాయి. నీ బొమ్మను ఒకదాంట్లో కూర్చోబెట్టి సేవ్ చేశాను. రెండోది ఎవరికోసమో నువ్వు చెప్పనక్కర్లేదు, ఎనిమిదేళ్ళు ఆలస్యంగానైనా నాకు అర్థమైంది.

ఇప్పుడు ముడి విప్పు. బటన్ మెల్లగా నొక్కు. యోవానా మూడుసార్లు కడిగింది, అయినా ఉదయం పూట కొంచెం తూలుతోంది.

ఇట్లు,
మందుగుండు పెట్టె దిగి కుర్చీ ఎక్కిన నీ ముసలి మొగుడు,
హిలారియోన్