సినిమాలో మాట్లాడని బాపు

ఆదివారం రాత్రి, బెల్లంపల్లి

నా జీవితం మీద నేనే తీస్తున్న డాక్యుమెంటరీని ఇవాళ సాయంత్రం మా బాపుకు లాప్‌టాప్‌లో చూపించాను. అందులో బాపు కిటికీ పక్కన మౌనంగా కూర్చుని ఉంటాడు. వెనకనుంచి నా గొంతు వినిపిస్తుంది: "గని నుంచి వచ్చాక నాన్న నాతో మాట్లాడేవాడు కాదు. ఆ మౌనంలోనే పెరిగాను."

బాపు చివరిదాకా చూశాడు. "నేను నీతోని మాట్లాడకపోతుంటినా బిడ్డా? షిఫ్టు దిగి వచ్చినంక ఎన్ని ముచ్చట్లు చెప్తుంటి! నువ్వు సినిమా తీసేటప్పుడు గీ కిటికీ కాడ గూడ చెప్పబోతే, జర సప్పుడు చెయ్యకుండ కూసో బాపూ అని నువ్వే అన్నవ్ గద."

నిజమే, నేనే అన్నాను. చిన్నప్పుడు ఏదో ఒక బాధ పడ్డట్టు చూపిస్తేనే నా సినిమాకు బరువు వస్తుందనుకున్నాను. సిగ్గుతో తల ఎత్తలేకపోయాను.

"ఆ మాట తీసేస్తా బాపూ."

"వద్దు, ఉండనీ. డ్యూటీ డ్యూటీ అని తిరిగిన. నీకు గట్ల అనిపించిందంటే తప్పు నాదే ఉంటది."

నాకెప్పుడూ అలా అనిపించలేదని, సినిమా కోసం అల్లానని చెప్పాల్సింది. లాప్‌టాప్ మూసేశాను. బాపు ఆ అబద్ధాన్నే నమ్మి పడుకున్నాడు.