గేటు దాటని ఒడిబియ్యం

సింహాచలం,

నిన్న మన కూతురు పైడికి పెళ్లయిందే! ఎంత కళగా ఉందనుకున్నావు, అచ్చం నువ్వే!

అయినా నా నోరు చేదుగానే ఉంది. ఈ మలయాకి మెర్దెకా, అదే స్వతంత్రం, వచ్చి దొరల జెండా దిగినా, మన రబ్బరు ఎస్టేటు చుట్టూ ముళ్లకంచె తీయలేదు. అడవిలో దాక్కుని పోరాడే కమ్యూనిస్టులకు తిండి చేరకూడదని గుప్పెడు బియ్యం కూడా గేటు దాటనివ్వరు. బయటికెళ్లే ఆడవాళ్లను తడిమి చూసే పని ఇన్నాళ్లూ పైడిదే. ఆ కోపంతో దాని చిన్ననాటి స్నేహితురాళ్లు ముగ్గురూ తోడిపెళ్లికూతుళ్లుగా రామన్నారు. నేనే వెళ్లి బతిమాలాను.

"రోజూ మా ఒళ్లు తడిమినాది గదా మావా. ఇప్పుడు దాని ఒంటికి మేం నలుగెట్టాలేటి?" అంది రవణమ్మ. మిగతా ఇద్దరూ నవ్వారు.

చివరికి మగవాణ్ణి, నిన్ను పోగొట్టుకున్నవాణ్ణి, నేనే నలుగు పెట్టాను. ఒడిలో బియ్యమూ నేనే పోశాను.

అత్తవారింటికి బయలుదేరేటప్పుడు గేటు దగ్గర ఆ ముగ్గురూ చూడటానికి మాత్రం వచ్చారు. పైడి స్థానంలో కొత్తగా చేరిన పిల్ల దాని ఒడి చూసి, "ఎల్లిపో అక్కా" అంది.

"అందరికీ ఒకటే రూలు లా" అని, మాట చివర 'లా' చేర్చే ఇక్కడి మలయా యాసలో అంటూ పైడి ఒడి విప్పి బియ్యమంతా నేలమీద పోసేసింది. నాకెంత గర్వమో! ఆ ముగ్గురిలో ఒక్కతీ వంగలేదు. గింజలన్నీ నేనే ఏరుకున్నాను.

అత్తవారింట వండాల్సిన ఆ బియ్యం ఇవాళ నేనొక్కణ్ణే వండుకు తిన్నాను.