ఈ ఇంట్లో తర్జుమా

గురజాల, మంగళవారం రాత్రి

పొద్దున కాఫీ తాగుతూ కోడలు స్రవంతి అడిగింది, "అత్తయ్యా, తర్జుమా అంటే అనువాదమేనా?" అని. అవునన్నాను. ఈ ఇంట్లో ఆ మాటకు ఇంకో వాడుక ఉండేదని మాత్రం చెప్పలేదు.

కాకినాడ నుంచి కాపురానికొచ్చిన కొత్తలో నాకు జ్వరం తగిలింది. మా అత్తగారు గుమ్మంలో నిలబడి, "ఏమే, ఉన్నావా, పోయావా?" అన్నారు. ఎంత ఏడ్చానో! ఆయన నవ్వుతూ వచ్చి పక్కన కూర్చున్నారు. "తర్జుమా చెప్తా విను. జొరం తగ్గిందా అని అడుగుతోంది మా అమ్మ."

కోర్టు గుమాస్తా కదా, ఆ మాట అక్కడ పట్టుకున్నారు. ఆ తర్వాత అత్తగారు నోరు విప్పితే చాలు, నేను ఆయన మొహం వైపు చూసేదాన్ని. రెండూ తెలుగే. అయినా మధ్యలో ఒక మనిషి కావలసి వచ్చింది.

ఇన్నేళ్లకు నా నోరూ పల్నాడు నోరైపోయింది. సాయంత్రం స్రవంతి వానలో తడుస్తూ ఆలస్యంగా వస్తే, "ఏందమ్మా, ఇల్లు గుర్తొచ్చిందా?" అనేశాను. విశాఖ పిల్ల, మొహం చిన్నబుచ్చుకుని గదిలోకెళ్లి తలుపేసుకుంది.

ఆయనే బతికుంటే ఈపాటికి చెప్పేసేవారు, "నువ్వింకా రాలేదని మీ అత్తయ్య వాకిట్లోనే నిలబడిందమ్మా" అని.

తలుపు దాకా వెళ్లాను. నా మాటకు నేనే తర్జుమా చెప్పుకోవడం చేతకాలేదు. పొడి తువ్వాలు గడియకు తగిలించి వచ్చేశాను.